ఎనిమిది వారాలలోగా తేల్చవలెను

మా ఇంట్లో అటక మీద ఒక గోనెసంచి ఉండేది. అందులో ఎర్రగుడ్డలో చుట్టిన కాగితాల కట్ట. మా తాత పేరు మీద మొదలై, మా అయ్య పేరు మీదికి వచ్చి, చివరికి నా చేతికి చేరిన కట్ట అది. చెదలు తిన్నవి పోగా మిగిలినవాటిలో అన్నిటికన్నా చిన్నది 2000 సంవత్సరం నాటి హైకోర్టు ఉత్తర్వు. రెండే రెండు పేరాలు. మొదటి పేరాలో కేసు నంబరు, రెండో పేరాలో ఒకే ముక్క: కింది కోర్టులో పడి ఉన్న ఫలానా దరఖాస్తును, ఈ ఉత్తర్వు నకలు అందిన నాటి నుండి ఎనిమిది వారాలలోగా, ఇరుపక్షాలనూ విని, చట్టప్రకారం తేల్చవలెను.

మా అయ్యకు ఇంగ్లీషు రాదు. సంతకం మాత్రం చేసేవాడు. ఆ కాగితం నాకు ఇచ్చి "గెలిచామా, ఓడామా, చెప్పరా" అన్నాడు. అప్పటికి నేను బడిపంతులుని. రెండుసార్లు చదివి, "గెలవలేదు, ఓడలేదు అయ్యా, తేల్చమన్నారంతే" అన్నాను. "తేల్చమనడానికి కూడా ఇంకో కోర్టు కావాలా!" అన్నాడు. ఆ మాట నన్ను చాలాకాలం పట్టుకుంది. మన సంఘం సంచికకు చరిత్ర వ్యాసం రాయమని మిత్రులు అడిగినప్పుడు, పితూరీల గురించి, వీరుల గురించి రాసేవారు ఎలాగూ ఉంటారు కదా, నేను ఈ కాగితం వెనక ఉన్న చరిత్ర రాస్తానని ఒప్పుకున్నాను. పితూరీ ఇందులోనూ వస్తుంది. తప్పదు.

పై కోర్టు కింది కోర్టును "తేల్చు" అని ఆజ్ఞాపించడం కొత్త సంగతి కాదు. ఇంగ్లండులో పూర్వం రాజు పేరు మీద వెలువడే రిట్లలో ప్రొసీడెండో అనేది ఒకటి ఉండేది. కింది న్యాయాధికారి కేసును వినకుండా, తీర్పు ఇవ్వకుండా కూర్చుంటే, ముందుకు సాగమని చాన్సరీ నుండి ఆ రిట్టు వచ్చేది. 18వ శతాబ్దంలో ఇంగ్లీషు చట్టాలకు వ్యాఖ్యానం రాసిన బ్లాక్‌స్టన్ దీని గురించి ఒక ముఖ్యమైన సంగతి చెప్పాడు. తీర్పు ఇవ్వమని చెబుతుంది కానీ, ఫలానా తీర్పే ఇవ్వమని చెప్పదు. మా అయ్య చేతికి వచ్చిన రెండు పేరాలూ సరిగ్గా ఆ జాతివే.

మన దేశంలో ఈ అధికారానికి మూలం 1861 నాటి హైకోర్టుల చట్టం. దాని 15వ సెక్షను, తన అప్పీలు పరిధిలోని కోర్టులన్నిటి మీదా హైకోర్టుకు పర్యవేక్షణ ఉంటుందని చెప్పింది. మద్రాసు హైకోర్టు 1862లో ఏర్పడింది. 1915 నాటి భారత ప్రభుత్వ చట్టం అదే అధికారాన్ని కొనసాగించింది. 1935 చట్టం మాత్రం కొంచెం మెలిక పెట్టింది. రిటర్నులు తెప్పించుకోవచ్చు, రిజిస్టర్ల నమూనాలు ఇవ్వొచ్చు కానీ, అప్పీలుకో రివిజనుకో లొంగని కింది కోర్టు తీర్పును ఈ పర్యవేక్షణ పేరుతో ప్రశ్నించడానికి లేదన్నది. 1950లో రాజ్యాంగం వచ్చి 227వ అధికరణంలో ఆ మెలిక తీసేసింది. కోర్టులే కాక ట్రిబ్యునళ్ళు కూడా హైకోర్టు పర్యవేక్షణ కిందికి వచ్చాయి. ఎమర్జెన్సీలో 42వ సవరణ ట్రిబ్యునళ్ళను తప్పించింది. 1978లో 44వ సవరణ మళ్ళీ చేర్చింది. మనవంటి వారికి ఈ "ట్రిబ్యునళ్ళు" అన్న ఒక్క మాటే ప్రాణం. ఎందుకంటే మన భూముల తగాదాలు నల్లకోటు జడ్జీల దగ్గరకన్నా రెవెన్యూ అధికారుల బల్లల మీదే ఎక్కువ నలిగాయి.

అది ఎలా జరిగిందో చెప్పాలంటే వెనక్కి వెళ్ళాలి.

1830ల్లో పర్లాకిమిడి, విశాఖపట్నం కొండ ప్రాంతాల్లో వరసగా అలజడులు రేగాయి. వాటిని అణచడానికి, కారణాలు చూడడానికి వచ్చిన స్పెషల్ కమిషనర్ జార్జి రస్సెల్, ఈ కొండలకు మామూలు కోర్టులూ మామూలు రెగ్యులేషన్లూ పనికిరావని తేల్చాడు. దాని ఫలితమే 1839 నాటి 24వ చట్టం. గంజాం, విశాఖపట్నం కొండ ప్రాంతాలను మామూలు సివిలు, క్రిమినలు కోర్టుల నుండి తప్పించి, కలెక్టరును గవర్నరుకు ఏజెంటుగా చేసి, ఆయన చేతిలో పెట్టారు. "ఏజెన్సీ" అన్న మాట అక్కడి నుండి వచ్చిందే. మన పిల్లల్లో చాలామందికి ఈ సంగతి తెలియదు, ఏజెన్సీ అంటే గ్యాసు ఏజెన్సీ లాంటిదేమో అనుకుంటారు.

గోదావరి వైపు రంప దేశం మాత్రం అప్పటికి ఈ ఏర్పాటులో లేదు. అక్కడి కొండవారి తగాదాలు మైదానం కోర్టుల్లోనే నడిచేవి. 1879 మార్చిలో చోడవరం దగ్గర మొదలైన రంప పితూరీకి కారణాలు మనందరికీ తెలుసు. మన్సబుదారు దోపిడీ, కల్లు మీద చిగురుపన్ను, పోలీసుల లంచాలు. కారం తమ్మన్నదొర, ద్వారబంధాల చంద్రయ్య, అంబుల్ రెడ్డి పేర్లు మన సభల్లో వింటూనే ఉంటాం. కానీ విచారణకు వచ్చిన రెవెన్యూ బోర్డు సభ్యుడు సల్లివన్ గుర్తించిన మరో కారణం గురించి మనం ఎక్కువగా మాట్లాడుకోం. అదే సివిలు కోర్టు.

మైదానం వర్తకులు కొండకు వచ్చి, కొండవారితో ఏవో ఒప్పందాలు రాయించుకునేవారు. తరవాత దూరాన ఉన్న కోర్టులో దావా వేసేవారు. సమను అందిందో లేదో తెలియదు, అందినా చదివేవారు లేరు, వాయిదాకు వెళ్ళాలంటే అడవి దాటి రోజుల తరబడి నడక. కనుక దావా ఎక్స్‌పార్టీగా డిక్రీ అయ్యేది. డిక్రీ కాగితంతో బంట్రోతులను వెంటబెట్టుకు వచ్చి పశువులనూ పంటనూ తోలుకుపోయేవారు. 5 రూపాయల బాకీకి 100 రూపాయల విలువైన పశువులూ పంటా పట్టుకుపోయిన సందర్భం గోదావరి జిల్లా గెజెటీరులోకి కూడా ఎక్కింది. కొండవారికి ఇది వర్తకుడి అన్యాయంలా కాక సర్కారు శాసనంలా కనబడింది. తిరగబడడం తప్ప దారి లేదనుకున్నారు.

ఇక్కడ ఆగి ఒకటి చూడాలి. న్యాయంలో ఆలస్యం గురించి ఈ కాలంలో అందరం మాట్లాడుతున్నాం. కానీ కోర్టుల మీద మన ముత్తాతల మొదటి ఫిర్యాదు ఆలస్యం గురించి కాదు. తొందర గురించి. మనం లేకుండా, మన మాట వినకుండా, చకచకా ఇచ్చేసిన డిక్రీల గురించి. ఈ తేడా గుర్తుంచుకోకపోతే తరవాతి కథ అర్థం కాదు.

పితూరీ తరవాత రంప కూడా ఏజెన్సీ అయింది. 1874 నాటి షెడ్యూల్డు జిల్లాల చట్టం ఇలాంటి ప్రాంతాలన్నిటికీ ఒక చట్రం. 1917లో మద్రాసు ప్రభుత్వం ఏజెన్సీ ప్రాంతాల వడ్డీ, భూబదలాయింపు చట్టం తెచ్చింది. కొండజాతి వారి భూమి కొండజాతి వారికి తప్ప మరెవరికైనా పోవాలంటే ఏజెంటు రాతపూర్వక అనుమతి ఉండాలి, లేకుంటే చెల్లదు. వడ్డీ ఏడాదికి నూటికి 24 మించరాదు. డబ్బు డిక్రీ కింద కొండజాతి వారి స్థిరాస్తిని ఇష్టానుసారం జప్తు చేసి అమ్మడానికి లేదు. 1879లో పశువులను తోలుకుపోయిన ఆ డిక్రీలకు, 38 ఏళ్ళ తరవాత కాగితం మీద వచ్చిన జవాబు ఇది. ఆ తరవాత 1924లో ఏజెన్సీ నియమాలు వచ్చాయి. అల్లూరి సీతారామరాజును కాల్చి చంపిన సంవత్సరమే అది. సివిలు దావాలు ఎవరు వినాలో, అప్పీలు ఎవరికో ఆ నియమాలు చెబుతాయి. కింద ఏజెన్సీ మునసబు, పైన ఏజెన్సీ డివిజనల్ అధికారి, ఆ పైన ఏజెంటు అయిన కలెక్టరు. అంటే తహశీల్దారు, సబ్ కలెక్టరు, కలెక్టరు. వారే శిస్తు చూసేవారు, వారే తగాదా తీర్చేవారు.

సివిలు ప్రొసీజరు కోడు మన దగ్గర నేటికీ పూర్తి దొర కాదు. తూర్పు గోదావరి, పశ్చిమ గోదావరి, విశాఖపట్నం ఏజెన్సీల్లో అమలులో ఉన్న ప్రత్యేక నియమాలకు భంగం లేకుండానే తాను వర్తిస్తానని కోడు మొదటి సెక్షనులోనే రాసి ఉంది. లక్షదీవుల సరసన మన పేర్లు కనిపిస్తాయి.

నైజాం వైపు కథ వేరు దారిలో వచ్చి అక్కడికే చేరింది. బాబేఝరి, జోడేఘాట్ గూడేల గోండులు, కోలాములు సాగుభూమి కోసం పెట్టుకున్న అర్జీలు పనిచేయలేదు. 1940లో కొమురం భీం తుపాకీ గుండ్లకు బలయ్యాడు. తరవాత హైమండార్ఫ్ నివేదికలు, ఆ మీదట గిరిజన ప్రాంతాలకు ప్రత్యేక రెగ్యులేషన్లు. రెండు వైపులా వరస ఒకటే. ముందు వినకపోవడం, తరవాత నెత్తురు, ఆ తరవాత చట్టం.

ఈ ప్రత్యేక ఏర్పాటు మంచిదా చెడ్డదా అని అడిగితే నేను రెండూ అంటాను. మంచి ఎందుకంటే దూరపు కోర్టు బాధ తప్పింది, కోర్టు ఫీజు భయం తగ్గింది, అధికారికి మన ఊరు తెలుసు. చెడ్డ ఎందుకంటే ఆ అధికారికి న్యాయం చెప్పడం ఇరవై పనుల్లో ఒకటి. నేను చూసిన ఒక ఏజెన్సీ కోర్టు రోజు ఇలా ఉండేది: పది గంటలకు పిలుపు. పదకొండుకు అధికారికి మంత్రిగారి పర్యటన. మధ్యాహ్నం వరద సమీక్ష. నాలుగింటికి గుమస్తా బయటకు వచ్చి, "అందరికీ వాయిదా, వచ్చే నెల సంత మర్నాడు రండి" అనేవాడు. ఎన్నికలు వస్తే ఆరు నెలలు వాయిదా. జనాభా లెక్కలు వస్తే వాయిదా. అధికారి బదిలీ అయితే, కొత్తాయన ఫైలు చదవాలి కనుక వాయిదా. ఎవరినీ తిట్టలేం. ఒక మనిషి తుఫాను సహాయాన్నీ, సివిలు దావానూ ఒకే చేత్తో ఎలా చేస్తాడు?

ఇప్పుడు మా కాగితాల కట్టకు వస్తాను. మా గరువు రెండున్నర ఎకరాలు. చోడి, సామ, వలిసెలు పండేవి. మా తాత కాలంలో అప్పు కింద ఒక షావుకారు చేతికి వెళ్ళింది, మా అయ్య మళ్ళీ దున్నడం మొదలుపెట్టాడు. 1991లో షావుకారు ఏజెన్సీ కోర్టులో దావా వేసి, మా అయ్య ఆ భూమిలో అడుగు పెట్టకుండా ఎక్స్‌పార్టీగా మధ్యంతర ఉత్తర్వు తెచ్చాడు. తాత్కాలికమే అన్నారు. దాన్ని రద్దు చేయమని మేము దరఖాస్తు పెట్టాం. దావా కాదు, అప్పీలు కాదు, ఒక చిన్న మధ్యంతర దరఖాస్తు. మూడు పేజీలు. అది తొమ్మిదేళ్ళు విచారణకు రాలేదు. ఆ తొమ్మిదేళ్ళలో షావుకారు ఆ గరువులో జీడిమామిడి వేశాడు, చెట్లు ఎదిగాయి, కాపుకు వచ్చాయి. దావా ఇంకా మొదలే కాలేదు, భూమి మాత్రం ఎప్పుడో చేతులు మారిపోయింది.

సివిలు దరఖాస్తుల్లో ఆలస్యం అంటే ఇదే. బయటివారికి తీర్పు ఆలస్యమే కనబడుతుంది. లోపల అసలు కేసు నడిచేది దరఖాస్తుల మీద. ఇంజంక్షను ఇవ్వమని ఒకటి, ఎత్తేయమని ఒకటి. ఎక్స్‌పార్టీ డిక్రీని పక్కన పెట్టమని ఒకటి. చనిపోయిన వాది వారసులను చేర్చమని ఒకటి. గడువు దాటిన జాప్యాన్ని మన్నించమని మరొకటి. వీటిలో ఏది ఆగినా తక్కినదంతా ఆగుతుంది. ఆగినంతకాలం భూమిని ఎవరు పట్టుకుని ఉన్నారో వారిదే పంట. కనుక ఆలస్యం ఇద్దరికీ సమానమైన కష్టం కాదు. ఒకరికి కష్టం, మరొకరికి కాపు.

చట్టం చేసినవారికి ఇది తెలియక కాదు. 1976 సవరణలో సివిలు ప్రొసీజరు కోడు 39వ ఆర్డరులో 3ఎ అనే నియమం చేర్చారు. ఎదుటి పక్షానికి నోటీసు లేకుండా ఇంజంక్షను ఇస్తే, ఆ దరఖాస్తును 30 రోజుల్లో తేల్చడానికి కోర్టు ప్రయత్నించాలి. తేల్చలేకపోతే కారణాలు రాయాలి. 2000లో సుప్రీంకోర్టు, వెంకటసుబ్బయ్య నాయుడు కేసులో ఇంకో మెట్టు ఎక్కింది. 30 రోజులు దాటినా కోర్టు తేల్చకపోతే, ఆ ఎక్స్‌పార్టీ ఉత్తర్వు మీదే అప్పీలుకు వెళ్ళవచ్చునని చెప్పింది. వినకపోవడం వల్ల నష్టపోయినవాడికి తలుపు మూసుకుపోకూడదన్నది అందులోని భావం. మా వకీలు గారు ఈ 30 రోజుల నియమమే పట్టుకున్నారు. ఏజెన్సీ నియమాలు వేరైనా న్యాయం వేరవుతుందా అని వాదించారు. 227 కింద పిటిషను వేశారు. హైదరాబాదులో మొదటి రోజునే, ఐదు నిమిషాల్లో, ఆ రెండు పేరాల ఉత్తర్వు వచ్చింది.

అప్పుడు అసలు పరీక్ష మొదలైంది. ఎనిమిది వారాలు ఎప్పటి నుండి? ఉత్తర్వు నకలు కింది కోర్టుకు అందిన నాటి నుండి. నకలు ఎవరు అందించాలి? మనమే. నకలుకు దరఖాస్తు పెట్టి, స్టాంపులు కట్టి, తీసుకుని, కొండెక్కి, కార్యాలయంలో ఇచ్చి, ముద్ర వేయించుకుని రసీదు తీసుకోవాలి. ఆ రసీదు లేకపోతే ఎనిమిది వారాలు ఎప్పటికీ మొదలు కావు. మా అయ్య ఆ రసీదును ప్లాస్టిక్కు సంచిలో పెట్టి చొక్కా జేబులో వేసుకుని తిరిగేవాడు. ఇది చదివే కుర్రాళ్ళలో ఎవరికైనా ఇలాంటి ఉత్తర్వు వస్తే, ముందు ఆ రసీదు చూసుకోండి.

ఆరో వారంలో అధికారికి బదిలీ అయింది. ఏడో వారంలో కొత్తాయన వచ్చారు. హైకోర్టు గడువు దాటితే తనకు మాట వస్తుందని కంగారు. వెంటనే వాయిదా వేశారు. ఆ రోజు వాన. వాగు పొంగి బస్సు రాలేదు. మా అయ్య వాగు తగ్గేదాకా గట్టున కూర్చుని, దాటి, నడిచి, సాయంత్రం నాలుగున్నరకు చేరాడు. అప్పటికి అటువైపు వకీలు, "ప్రతివాది రాలేదు, దరఖాస్తు కొట్టేయండి, హైకోర్టు గడువు కూడా రేపటితో అయిపోతుంది" అని చెప్పి ఉన్నారు. గుమస్తా కలం తీసి రాయడం మొదలుపెట్టాడట. మా అయ్య గుమ్మంలోంచే "బాబూ, నేనొచ్చాను" అని కేక వేశాడు. తడిసిన బట్టలతో ఆ గుమ్మంలో నిలబడడం గురించి బతికినన్నాళ్ళూ చెప్పుకున్నాడు.

నాకు 1879 గుర్తుకు వచ్చేది ఇక్కడే. గడువు మన కోసమే తెచ్చుకున్నాం. ఆ గడువే ఇంకొక అరగంట ఉంటే మన మీద ఎక్స్‌పార్టీ ఉత్తర్వుగా మారేది. అందుకే ఇలాంటి ఉత్తర్వుల్లో "ఇరుపక్షాలనూ విని" అన్న మాట కోసం పట్టుబట్టాలి. "ఎనిమిది వారాల్లో" అన్నదానికన్నా అది ముఖ్యం.

మా ఒక్కరి కథ పక్కన పెట్టి చూసినా ఏజెన్సీలో ఆలస్యం లెక్క పెద్దది. 1959 నాటి ఒకటో రెగ్యులేషను, 1963లో తెలంగాణ షెడ్యూల్డు ప్రాంతాలకూ దాని విస్తరణ, ఆ మీదట 1970 ఫిబ్రవరి 3 నుండి అమలైన 1970 నాటి ఒకటో రెగ్యులేషను, మన వాడుకలో 1/70. గిరిజనేతరుడి చేతిలో ఉన్న భూమి గిరిజనుడి నుండి వచ్చినదేనని చట్టమే అనుకుంటుంది, కాదని రుజువు చేసుకోవలసింది అతడే. ఇంత గట్టి చట్టాన్ని సవాలు చేసిన పి. రామిరెడ్డి కేసు సుప్రీంకోర్టులో 1988 జూలైలో తేలింది. చట్టం చెల్లుతుందన్నారు. సంతోషమే. కానీ 1970కీ 1988కీ మధ్య 18 ఏళ్ళు. ఆ సందేహం పేరు చెప్పి ఎన్ని ఫైళ్ళు బల్లల కింద నిద్రపోయాయో మన పెద్దవారికి తెలుసు. 2006లో కోనేరు రంగారావు భూకమిటీ చూసేనాటికి ఈ రెగ్యులేషన్ల కింద నమోదైన కేసులు 70 వేలకు పైగా, భూమి మూడు లక్షల ఎకరాలకు పైగా. తేలినవాటిలో దాదాపు సగం మనకు వ్యతిరేకంగానే తేలాయి. తేలడం ఒక్కటే చాలదనడానికి ఈ లెక్కే సాక్ష్యం. ఎవరు, ఎవరిని విని తేల్చారన్నది కూడా చూడాలి.

ఇంకో చిక్కు ఉంది. దీని గురించి మనలో మనం మాట్లాడుకోవాలి. హైకోర్టు దాకా వెళ్ళగలిగినవాడికే "ఎనిమిది వారాలు" దొరుకుతుంది. వాడి ఫైలు పైకి వస్తుంది. వెళ్ళలేనివాడి ఫైలు ఇంకొక అంగుళం కిందికి దిగుతుంది. సీలేరు ఎగువ నుండి అమరావతికి వెళ్ళి రావాలంటే కూలీనాలీ చేసుకునే మనిషికి వారం రోజుల బత్తెం పోతుంది. అటువైపు షావుకారు కొడుకు ఫోను చేస్తే వకీలు పని మొదలుపెడతాడు. 2024 ఫిబ్రవరి 29న సుప్రీంకోర్టు ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం, అలహాబాదు హైకోర్టు బార్ అసోసియేషన్ కేసులో ఈ సంగతినే ఎత్తిచూపింది. కింది కోర్టుల్లోని ఒక్కొక్క కేసుకూ పై కోర్టులు గడువులు పెట్టడం మామూలు అలవాటు కాకూడదని, ఏ కేసుకు తొందర ఉందో అక్కడి న్యాయమూర్తికే బాగా తెలుస్తుందని, అసాధారణ పరిస్థితుల్లోనే గడువు పెట్టాలని చెప్పింది. మంచి మాటే. కానీ నా మట్టుకు నేను సగమే ఒప్పుకుంటాను. జడ్జి పనే వృత్తిగా ఉన్న కోర్టుకు ఆ మాట సరిపోతుంది. తుఫానూ ఎన్నికలూ నెత్తిన ఉన్న ఏజెన్సీ అధికారి బల్ల మీద, 1/70 కింద దరఖాస్తు తొమ్మిదేళ్ళు పడి ఉండడం అసాధారణం కాకపోతే మరేది అసాధారణం? మనం పెట్టే పిటిషన్లలో ఈ ముక్కను మొదటి పేరాలోనే రాయాలని మన కుర్ర వకీళ్ళకు చెబుతుంటాను.

అదే సుప్రీంకోర్టు ఒక కేసుకు కాక అందరికీ వర్తించేలా చెప్పిన సందర్భాలూ ఉన్నాయి. 1982లో పడిన ఒక దావా 41 ఏళ్ళకు తన ముందుకు వచ్చినప్పుడు, 2023 అక్టోబరులో యశ్‌పాల్ జైన్ కేసులో, సమన్ల దగ్గర నుండి వాయిదాల దాకా కింది కోర్టులు ఏం చేయాలో వరసగా సూచించింది. డిక్రీ వచ్చాక దాన్ని అమలు చేయించుకోవడం మరో పెద్ద యాతన. మన దేశంలో దావాదారుడి కష్టాలు డిక్రీ చేతికి వచ్చాకే మొదలవుతాయని ప్రీవీ కౌన్సిలు 1872లోనే వాపోయింది. 2021లో రాహుల్ షా కేసులో అమలు పిటిషన్లు ఆరు నెలల్లో ముగించాలని సుప్రీంకోర్టు చెప్పింది. 2025 మార్చిలో, 1986 నాటి ఒక తమిళనాడు దావాలో, పడి ఉన్న అమలు పిటిషన్ల లెక్క తీసి ఆరు నెలల్లో ముగించేలా చూడమని హైకోర్టులన్నిటినీ ఆదేశించింది. అక్టోబరుకు లెక్క వచ్చింది. మూడు లక్షలకు పైగా తేలాయి, ఇంకా 8.82 లక్షలు మిగిలాయి. మా అయ్య ఉంటే "తేల్చమనడానికి ఒక కోర్టు, అది తేలిందా అని లెక్క పెట్టడానికి ఇంకొక కోర్టు" అనేవాడు. అయినా లెక్క పెట్టడం మంచిదే. ఏజెన్సీ కోర్టుల దరఖాస్తులకూ అలాంటి లెక్క ఒకటి తీయమని మన సంఘం తరఫున రెండు రాష్ట్రాల్లోనూ సమాచార హక్కు కింద అడగాలని నా కోరిక. పాడేరు, రంపచోడవరం, పార్వతీపురం, భద్రాచలం, ఉట్నూరు, ఏటూరునాగారం. ఒక్కొక్క చోట ఒక మనిషి పూనుకుంటే చాలు.

మా దరఖాస్తు సంగతి చెప్పలేదు కదూ. ఆ సాయంత్రం కొత్త అధికారి కలం ఆపించారు. మా అయ్యను కూర్చోమన్నారు. వకీలు లేకుండానే, ఆయన చెప్పినదంతా రాసుకున్నారు. మర్నాడు, గడువు చివరి రోజున, మధ్యంతర ఉత్తర్వు రద్దయింది. మూడు వాక్యాల ఉత్తర్వు. అసలు దావా మరో ఆరేళ్ళు నడిచి 2006లో వీగిపోయింది. దాని మీద అప్పీలు వేయలేదు. ఆ కాగితాలు కూడా ఆ ఎర్రగుడ్డలోనే ఉన్నాయి.

గరువులోకి మళ్ళీ వెళ్ళిన మొదటి వేసవిలో జీడిచెట్లు ఒళ్ళంతా కాసి ఉన్నాయి. కొట్టేసి చోడి వేస్తానని మా అయ్య, ఉంచుదామని మా అమ్మ. చివరికి దారి వైపు రెండు వరసలు ఉంచి, తక్కినవి కొట్టించాడు. మొదళ్ళు పెకలించడానికి రెండేళ్ళు పట్టింది.